గన్నుకు బొట్టు

ఏప్రిల్ 5, శనివారం

షెడ్డులో పొలాలకి మందు కొట్టే తైవాన్ స్ప్రేయర్ విప్పి కార్బొరేటర్ కడుగుతుంటే, నేను వాక్యం చెప్పే మందిరంలో సంఘ పెద్ద వెంకయ్య గారు వచ్చారు. చెప్పులు బయట విడిచి లోపలికి రాగానే నాకు అనుమానం వచ్చింది. నా షెడ్డులో ఎవరూ చెప్పులు విడవరు.

"అయ్యగారూ, మీరు చూశారో లేదో అని..." అంటూ ఫోను నా ముఖం ముందు పెట్టారు.

మా అబ్బాయి మార్క్. వాట్సాప్ స్టేటస్ అంట. వాడి రెజిమెంటు పుట్టినరోజు పండగ. పొడుగాటి ఫిరంగి, దాని గొట్టానికి బంతిపూల దండ, కింద పగిలిన కొబ్బరికాయ. మావాడు యూనిఫాంలో వంగి బొటనవేలితో ఆ ఇనుము మీద కుంకం బొట్టు పెడుతున్నాడు. నవ్వుతున్నాడు.

బాప్తిస్మం తీసుకుని కాలవలోంచి లేచినప్పుడు నవ్విన నవ్వే అది.

"ఇట్టాంటివి మీరు ఊరుకోరు గదా అని చూపించా" అన్నారు వెంకయ్య గారు.

ఆయన కూతురి పెళ్లికి వాకిట్లో గుమ్మడికాయ కొట్టారని నేను ఆయన్ని ప్రభువు బల్లకి దూరం పెట్టాను. అందరితోపాటు రొట్టె, ద్రాక్షరసం తీసుకోకుండా వెనక బెంచీలో కూర్చోబెట్టాను. ఆయన మర్చిపోలేదు. నేను కూడా మర్చిపోలేదు.

"రేపు వాక్యమే మాట్లాడుతుంది" అన్నాను.

ఆయన వెళ్లాక స్ప్రేయర్ తాడు లాగాను. ఎంత లాగినా అంటుకోదు. చూస్తే ప్లగ్గు పెట్టడం మర్చిపోయాను.

ఏప్రిల్ 6, బల్ల ఆదివారం

మంచి ప్రసంగం. చాలా రోజుల తర్వాత అలాంటి ప్రసంగం.

వాక్యంలో ఫిరంగి ఎక్కడుందా అని తెల్లవారకముందే లేచి వెతికాను. ఉజ్జియా రాజు దొరికాడు. బురుజుల మీద నుంచి పెద్ద రాళ్లు విసిరే యంత్రాలు చేయించినవాడు, ఇప్పటి ఫిరంగులన్నిటికీ తాత. ఆ యంత్రాలను చూసుకుని వాడి మనసు ఉబ్బింది. తనది కాని పని చేయబోయాడు. దేవుని ఆలయంలో ధూపం పట్టుకుని నిలబడ్డాడు. కుష్ఠు లేచింది. ఎక్కడ? నుదుట!

"బొట్టు పెట్టే చోట!" అన్నాను. మందిరంలో ఒక్కరూ దగ్గలేదు.

కొడుకు పేరు చెప్పాను. చెప్పకపోతే కొడుకుల్ని అదుపు చేయని ఏలీ యాజకుడికీ నాకూ తేడా ఏముంది? కరెంటు లేదు, మైకు లేదు. నా గొంతుకి మైకు అక్కర్లేదు. రోడ్డు అవతల కోల్డ్ స్టోరేజీలో మిర్చి బస్తాలు మోసేవాళ్లు కూడా ఆగి విన్నారంట. ఊళ్లో నా చాటున నన్ను ఫిరంగి అయ్యగారంటారు. ఇన్నేళ్లూ అది ప్రభువు ఇచ్చిన బిరుదనే అనుకున్నాను. ఇవాళ గుర్తొస్తే చిరాకేసింది.

రొట్టె పళ్లెం లిడియా దగ్గరికి వచ్చింది. నా కోడలు అందులోంచి తీసుకోలేదు. పక్కామెకి అందించి తల వంచుకుంది.

ఒంట్లో బాగాలేదేమో.

ఏప్రిల్ 7, సోమవారం

మార్క్ ఫోన్ చేశాడు. లిడియా చెప్పి ఉంటుంది, లేదా వెంకయ్య గారి కొడుకు.

"నాన్నా, అది మొక్కడం కాదు" అన్నాడు. పలకరింపు కూడా లేదు.

"మరేంటది? వంట చేస్తున్నావా?"

"మిగతా పటాలాలకి జెండాలుంటాయి నాన్నా. వాటికి సెల్యూట్ కొడతారు. ఆర్టిలరీకి జెండా లేదు. మొదట్నుంచీ గన్నే మా జెండా. ప్రాణం పోయినా దాన్ని వదిలి రాకూడదు. ఏడాదికోసారి దాన్ని కడిగి అలంకరిస్తాం. ఆ గన్నుకి నేను నంబర్ వన్‌ని. నా కింద ఆరుగురున్నారు. ఒకడు సర్దార్జీ, ఒకడు బీహారోడు, ఇంకోడు తమిళోడు. అందరూ చెయ్యి వేసినప్పుడు నేను చేతులు కట్టుకుని నిలబడితే రేపు గుండు అందించేవాడు నా ముఖం చూస్తాడా?"

"షద్రకు, మేషాకు, అబేద్నెగో నిలబడ్డారు. రాజు ప్రతిమకి మొక్కం అని అగ్నిగుండం ముందు నిలబడ్డారు."

"వాళ్లు ముగ్గురున్నారు నాన్నా. నేనొక్కణ్ణే."

నోటి దాకా వచ్చినది అనేశాను. "ఈసారి సెలవుకి వస్తే ఆ చెయ్యి నా బల్ల మీద పెట్టొద్దు."

ఫోన్లో సరిహద్దు కొండల గాలి చప్పుడు. అక్కడ ఎప్పుడూ గాలే.

"సరే. నాయమాను సంగతి ఒకసారి చదువు నాన్నా" అని పెట్టేశాడు.

నాకు చెప్తున్నాడు, నాయమాను సంగతి చదవమని. వాడికి అక్షరాలు నేర్పించిందే ఆ గ్రంథం ముందు పెట్టుకుని.

ఏప్రిల్ 8

వరస పఠనంలో రాజుల రెండో గ్రంథం, నాలుగో అధ్యాయం. షూనేమీయురాలి కొడుకు చచ్చి బతకడం.

ఏప్రిల్ 9

ఆరో అధ్యాయం. నీళ్లలో పడిన గొడ్డలి తేలడం.

ఏప్రిల్ 16, బుధవారం

సీజను అయిపోయింది. కల్లాల్లో మిర్చి తాలుకాయ ఏరడం కూడా అయిపోయింది. స్ప్రేయర్లు రావడం లేదు. చేతులకి పని లేకపోతే కాళ్లు ఊరుకోవు. కోల్డ్ స్టోరేజీ గేటు దాకా నడిచాను.

అక్కడ వాచ్‌మన్ మా బుడాన్. ఐదో తరగతి దాకా నా పక్కన కూర్చున్నవాడు, ఇరవై ఏళ్లు ఫిరంగుల దగ్గర పనిచేసి హవల్దారుగా వచ్చినవాడు. రెండు చెవులూ అరకొరే. వాడితో మాట్లాడాలంటే ప్రసంగం చేసినట్టు అరవాలి.

"ఒరేయ్ ఫిరంగీ! ఆదివారం నీ మోత వినపడిందిరా! నాకే వినపడిందంటే ఆలోచించు!" అని స్టూలు నా వైపు తోశాడు.

"విన్నావుగా. ఏమంటావు?"

"నేనేమంటా? నేను కూడా పెట్టాగా బొట్టు. పూట తప్పకుండా నమాజు చేసేవాణ్ణి, బొట్టూ పెట్టేవాణ్ణి. మా మౌల్వీకి చూపించడానికి అప్పట్లో వాట్సాప్ లేదు, బతికిపోయా!" అని పడీపడీ నవ్వాడు.

వాడు మొదలుపెడితే ఆగడు. పూర్వం గన్నుల్ని ముక్కలుగా విప్పి కంచరగాడిదల మీద కొండలెక్కించేవాళ్లంట. ఇంకా ముందైతే ఎదురెదురుగా, కంటికి కనిపించేవాణ్ణే కొట్టేవాళ్లంట. తర్వాత ఫిరంగులు కొండల వెనక్కి వెళ్లిపోయాయి.

"ఇప్పుడు కొట్టేవాడికి ఎవుణ్ణి కొడుతున్నాడో కనపడదు. ముందు కొండ మీద మా ఆఫీసరొకడు దుర్బిణీ పెట్టుకుని కూర్చుంటాడు. ఆడు వైర్‌లెస్‌లో చెప్తే ఇక్కడ మేం కొడతాం. అట్టా మేం దారి వేస్తేనే కాల్బలం అడుగు ముందుకేసేది. కార్గిల్లో కొండలెక్కిందెవరు? కుర్రాళ్లు. ఎక్కించిందెవరు? మేము!" అని ఛాతీ చరుచుకున్నాడు. వాడికి వినయం అనే రోగం ఎప్పుడూ లేదు.

కనపడని దానికి గురి పెట్టడమా అన్నాను. నా ప్రసంగంలో ఎప్పుడూ చెప్పే మాట గుర్తొచ్చింది. పాపం అనే మాటకి మూలభాషలో అర్థం గురి తప్పడం. అదే వాడికి చెప్పాను. రెండుసార్లు అరిచి చెప్పాను.

"అయితే మేమందరం పాపులమేరా! మొదటి గుండు ఎప్పుడూ తప్పుద్ది. అది ఎక్కడ పడిందో చూసి ముందున్నోడు చెప్తాడు, కుడికి ఇంత, ఎనక్కి ఇంత అని. రెండోది దగ్గరికొస్తది. తప్పావు అన్నాడని ఆడి మీద అలిగే గన్నర్ని నేను చూళ్లేదు."

చెవిటివాడితో వేదాంతం కుదరదు. ఇంటికి వచ్చేశాను.

ఏప్రిల్ 23

కశ్మీరులో జరిగిన ఘోరం పొద్దుటి నుంచీ టీవీలో వేస్తున్నారు. లిడియా వంటింట్లోకి వెళ్లడం, వచ్చి నిలబడి చూడటం, మళ్లీ వెళ్లడం. నా మనవరాలు స్తుతిని బడికి పంపడం మర్చిపోయింది. నేనూ మర్చిపోయాను.

మార్క్ సెలవు రద్దయిందంట. నాకు చెప్పలేదు. లిడియాకి చెప్పాడు. నేనడగలేదు.

మే 4, బల్ల ఆదివారం

ద్రాక్షావల్లి మీద చెప్పాను. గొంతు సరిగా లేవలేదు. ఎండ.

పళ్లెం వచ్చినప్పుడు లిడియా మళ్లీ తీసుకోలేదు. ఇంటికి వచ్చాక అడిగాను, ఏమ్మా, ఏదైనా పాపం మనసులో ఉందా అని. మామగా కాదు, కాపరిగా అడిగాను.

"ఆయనకి లేనిది నాకెందుకు మామయ్యా" అంది. పెట్టే అన్నం పెడుతూనే అంది. ముద్దపప్పులో నెయ్యి కూడా వేసింది.

మే 7, బుధవారం

మొదలైంది. అటు వాళ్లూ ఇటు వాళ్లూ సరిహద్దు పొడుగునా ఫిరంగులు కాలుస్తున్నారు. ఊళ్ల మీద పడుతున్నాయంట.

లిడియా ఎంత చేసినా మార్క్ ఫోను కలవడం లేదు. నేను చేయలేదు. షెడ్డులోకి వెళ్లి ఫోను మోగుతుందో లేదో ఒకసారి చూశాను, రింగుటోను పనిచేస్తోందా అని. పనిచేస్తోంది.

మే 8, గురువారం

బుడాన్ వచ్చాడు. వాడు మా గుమ్మం ఎక్కి ఎన్నేళ్లయిందో. కోడలికి వినపడకుండా చెప్దామనుకున్నాడు, కానీ వాడు మెల్లగా మాట్లాడితే ఊరంతా వింటుంది.

నేనే అడిగాను. ఫిరంగులు వెనకే ఉంటాయి గదా, ముందుండే కుర్రాళ్ల కంటే వీళ్లు క్షేమమే గదా అని. ఇన్నాళ్లూ అలాగే అనుకున్నాను. వాణ్ణి పంపేటప్పుడు వాళ్లమ్మ సమాధి దగ్గర కూడా అదే చెప్పాను.

బుడాన్ నా వైపు చూడలేదు. "గన్ను ఒకసారి మోగితే అది ఎక్కడుందో అవతలోడికి తెలిసిపోద్దిరా. ఇప్పుడు దానికి రాడార్లు కూడా ఉన్నాయి. ఆడి గన్నులు ముందు వెతికేది మన గన్నుల్నే" అన్నాడు.

"అప్పుడు పారిపోవచ్చు గదా?"

"కదిలితే గన్నుతోనే కదలాలి. చెప్పలా నీకు నీ కొడుకు? అది జెండా."

చెప్పాడు. నేను షద్రకు గురించి మాట్లాడాను.

వంటింట్లో గిన్నె పడిన చప్పుడు. స్తుతి వెళ్లి వాళ్లమ్మ కొంగు పట్టుకుని నిలబడింది.

మే 9

ఫోను రాలేదు. నేనేమీ ఎదురుచూడటం లేదు. ప్రభువు చేతిలో ఉన్నాడు.

మే 9, మళ్లీ

ఏ చెయ్యి? ఆ చెయ్యి నా బల్ల మీద పెట్టొద్దు అన్నాను. నేను వాడితో అన్న ఆఖరి మాట అదే.

ఆఖరి అని ఎందుకు రాశాను. కొట్టేస్తున్నాను. ~~ఆఖరి~~ ఆ రోజు అన్న మాట.

మే 10, శనివారం

సాయంత్రం కాల్పులు ఆగాయన్నారు. ఊళ్లో టపాకాయలు కాల్చారు. ప్రతి చప్పుడుకీ లిడియా ఉలిక్కిపడింది. నేను బయటికి వెళ్లి వాళ్లని తిట్టొచ్చాను.

ఫోను లేదు.

ఇంట్లోకి వస్తే బల్ల మీద నా గ్రంథం తెరిచి ఉంది. నేను తెరవలేదు. మధ్యలో స్తుతి రిబ్బను పెట్టి ఉంది. రాజుల రెండో గ్రంథం, ఐదో అధ్యాయం. నేను దాటేసిన అధ్యాయం.

లిడియా గుమ్మంలో నిలబడి ఉంది. చదివాను.

నాయమాను సైన్యాధిపతి. కుష్ఠు పోయింది. ఇక నిజమైన దేవుడికి తప్ప ఇంకెవరికీ బలి అర్పించను అన్నాడు. అంతా అయ్యాక వెనక్కి తిరిగి ఒక్క మనవి చేసుకున్నాడు. మా రాజు రిమ్మోను గుడికి వెళ్లేటప్పుడు నా చేతి మీద ఆనుకుంటాడు, ఆయన వంగితే నేనూ వంగాలి, ఆ ఒక్క విషయంలో ప్రభువు నన్ను క్షమిస్తాడా అని. కొలువులో ఉన్నవాడి మనవి. పక్కవాడికి ఆనుకోవడానికి చెయ్యి ఇచ్చినవాడి మనవి.

ప్రవక్త ఎలీషా ఏమన్నాడు? తప్పు అనలేదు. ఒప్పు అని కూడా అనలేదు. సమాధానంగా వెళ్లు, అంటే శాంతితో వెళ్లు అన్నాడు. అంతే. నేనైతే గంటసేపు ప్రసంగం చేసేవాణ్ణి.

చేశాను కూడా.

ఉజ్జియా సంగతి మళ్లీ తీశాను. వాడి తప్పు యంత్రాలు కాదు. యాజకుడు కాకుండా యాజకుడి పని చేయబోవడం. నేనెవరిని? స్ప్రేయర్లు బాగుచేసేవాణ్ణి. కాపరిగా నియమించి నా తల మీద ఏ పెద్దలూ చేతులుంచలేదు. నా అంతట నేను చదువుకున్నాను, నా అంతట నేను లేచి నిలబడ్డాను. బల్ల నాది అన్నాను. నా బల్ల.

ఇక రాయలేను.

మే 11, ఆదివారం

ప్రసంగం మధ్యలో లిడియా ఫోను మోగింది. మందిరంలో ఫోను మోగితే నేను ఊరుకోనని పిల్లలకు కూడా తెలుసు. ఆమె లేచి బయటికి పరిగెత్తింది. నేను చెప్పే మాట నోట్లోనే ఆగిపోయింది. అందరూ నన్నే చూస్తున్నారు, నేను గుమ్మం వైపు చూస్తున్నాను.

వచ్చింది. తల ఊపింది. కూర్చుని ముఖం కొంగులో దాచుకుంది.

"పాడుకుందాం" అన్నాను. ఏ పాటో చెప్పలేదు. ఎవరికి వచ్చింది వాళ్లు ఎత్తుకున్నారు.

ఇంటికి వచ్చాక చెప్పింది. బాగున్నాడు. గుండు దగ్గరలో పడిందంట, ఒక చెవి పనిచేయడం లేదంట. గన్ను బాగానే ఉందంట, అది కూడా చెప్పాడంట. కింది కుర్రాళ్లు ఆరుగురూ క్షేమం.

"నన్ను అడిగాడా?"

"ఫోను కట్టయింది మామయ్యా" అంది.

మంచి పిల్ల. అబద్ధం ఆడటం రాదు.

మే 19

వాడికి ఏం చెప్పాలో అనుకుంటూ ఫోను తీస్తాను. అంకెలు నొక్కుతాను. చెవి బాగాలేనివాడితో ఫోన్లో ఏం మాట్లాడతాంలే అని పెట్టేస్తాను. సాకు బాగానే దొరికింది.

మే 30, శుక్రవారం

మార్క్ వచ్చాడు. చీరాలలో రైలు దిగి ఆటోలో వచ్చాడు. నన్ను చూసి సంచీ కింద పెట్టి "బాగున్నావా నాన్నా" అన్నాడు. "ఆఁ" అన్నాను. వేల మందిని ఏడిపించిన నోట్లోంచి ఆ ఒక్క అక్షరం వచ్చింది.

సన్నబడ్డాడు. మనం మాట్లాడితే ముఖం అటు తిప్పి, ఇటు తిప్పి చూస్తాడు. ఏదడిగినా "ఆఁ? ఏంటీ?" అంటాడు. అన్నం తినేటప్పుడు స్తుతి వాడి ఎడమ భుజం మీద వాలి ఏదో గుసగుసలాడింది. వాడు పొలమారేలా నవ్వాడు. ఏమన్నావే అని అడిగితే చెప్పదు.

మధ్యాహ్నం షెడ్డులోకి వచ్చి, నేను విప్పిన ఇంజను చూసి, అడగకుండానే కూర్చుని ప్లగ్గు గీకడం మొదలుపెట్టాడు. ఇద్దరం సాయంత్రం దాకా పనిచేశాం. స్పానర్ కావాలంటే చెయ్యి చాపాడు, ఇచ్చాను. చెప్పాల్సింది చెప్పలేదు. మోటారు చప్పుడు ఎక్కువగా ఉంది.

మోటారు ఆపిన తర్వాత కూడా చెప్పలేదు.

మే 31

రేపు బల్ల ఆదివారం. వాడు వస్తాడో రాడో తెలియదు. లిడియా తెల్ల చొక్కా ఇస్త్రీ చేస్తోంది. ఎవరిదని అడగలేదు.

జూన్ 1, ఆదివారం

వచ్చాడు. తెల్ల చొక్కా వేసుకుని వచ్చాడు, కానీ లోపలికి రాలేదు. మందిరం మెట్ల మీద కూర్చున్నాడు. లోపల పాటలు మొదలయ్యాయి. వెంకయ్య గారు గుమ్మంలోంచి ఒకసారి వాణ్ణి, ఒకసారి నన్ను చూసి లోపలికి వెళ్లారు.

వెళ్లి వాడి పక్కన కూర్చున్నాను. నలుగురూ వినకుండా చెప్దామనుకున్నాను.

"మార్కూ" అన్నాను మెల్లగా.

పలకలేదు.

"మార్కూ, ఆ రోజు ఫోన్లో..."

"ఏంటి నాన్నా?"

"ఫోన్లో!"

"ఫోనా? ఇంట్లో పెట్టొచ్చా."

"ఫోను కాదురా. బల్ల!"

"పిల్లా? లోపల వాళ్లమ్మ దగ్గరుంది."

నాకు చెమటలు పట్టాయి. "నీతో అన్న మాట గురించిరా!"

"కాస్త గట్టిగా చెప్పు నాన్నా. వినపడట్లా."

లేచి నిలబడ్డాను. ఇక దాచుకోవడానికి ఏముంది. పొట్టలోంచి గాలి తీసుకున్నాను.

"నిన్ను బల్ల దగ్గరికి రావద్దన్నది వాక్యం కాదురా! నేను!"

లోపల పాట ఆగిపోయింది.

"ఎవరు?" అన్నాడు మార్క్.

"నేనురా, నేను! మీ నాన్నని! వాక్యం అనలేదు, ప్రభువు అనలేదు, నేనన్నాను! తప్పు! లోపలికి రా!"

కిటికీల్లో తలలు. రోడ్డు అవతల కోల్డ్ స్టోరేజీ గేటు దగ్గర బుడాన్ కుర్చీలోంచి లేచి నిలబడి, కర్ర పైకెత్తి ఊపాడు. వాడికి కూడా వినపడిందన్నమాట.

మార్క్ లేచి చొక్కా దులుపుకున్నాడు. "వినపడింది నాన్నా" అని నా చెయ్యి పట్టుకుని లోపలికి నడిచాడు.

ప్రసంగం చేయలేదు. చెప్పాల్సింది మెట్ల మీదే అయిపోయింది. వెంకయ్య గారిని లేవమని పళ్లెం ఆయన చేతికిచ్చాను. ఆయనే పంచారు. మార్క్ రొట్టె తీసుకున్నప్పుడు చూశాను, వాడి బొటనవేలి గోటిలో నల్లటి గ్రీజు. షెడ్డుదో, గన్నుదో. నా గోళ్లలోనూ అదే నలుపు. లిడియా తీసుకుంది.

బొట్టు తప్పేనని ఇప్పటికీ అంటాను. దాని మీద వాడితో వాదిస్తాను, వాడికి ఇంకా చాలా రోజుల సెలవుంది. కానీ బల్ల నాది కాదు.

సాయంత్రం లిడియా కాఫీ ఇచ్చి, వెళ్లకుండా అక్కడే నిలబడింది. నవ్వు ఆపుకుంటోంది.

"ఏంటమ్మా?"

"ఏం లేదు మామయ్యా. ఆయనకి పోయింది కుడి చెవి."

"అయితే?"

"ఎడమది బాగానే ఉందంట. డాక్టరు చూశాడంట."

ఆమె వెళ్లిపోయాక కాఫీ చల్లారేదాకా ఆలోచించాను. మెట్ల మీద నేను కూర్చున్నది వాడి ఎడమ పక్కన. మొన్న అన్నం దగ్గర ఆ పిల్ల గుసగుసలాడింది కూడా ఆ చెవిలోనే.